వదిలేసిన నాలుగు పేజీలు

మా ఆఫీసుల నా పక్క సీటామె బిడ్డ సంగీతం డిప్లొమా పరీక్ష రాస్తున్నది. మొన్న ఆమె ఆ పిల్ల పుస్తకాన్ని జిరాక్స్ తీపియ్యనీకి తెచ్చి నా టేబుల్ మీద పెట్టింది. సన్నటి గైడు, ప్రశ్న కింద జవాబు. ఊకెనే తిరగేస్తుంటె ఒక కాడ 'తాళ దశ ప్రాణములు' అని కనబడ్డది. పుస్తకం మూసి పది పేర్లు వరుసగ చెప్పిన. కాలం, మార్గం, క్రియ, అంగం, గ్రహం, జాతి, కళ, లయ, యతి, ప్రస్తారం.

"నువ్వు సంగీతం నేర్చుకున్నవా ఏంది?" అన్నదామె.

"లేదు. నాకు పాట రాదు" అన్న.

అది నిజమే. చిన్నప్పుడు బడిల ప్రార్థన పాడేటప్పుడు గూడ, నువ్వు పెదవులు కదిలియ్యి చాలు అని మా టీచరు నన్ను వెనక వరుసల నిలబెడుతుండె. మరి ఆ పది పేర్లు ఎట్ల వచ్చినయో ఆమెకు చెప్పలె. లంచ్ టైముల చెప్పే ముచ్చట కాదు.

అప్పుడు మా ఇల్లు యాకుత్‌పురా స్టేషన్ వెనక గల్లీల ఉండె. ముంగట రెండర్రలు, వెనక బర్ల కొట్టం. బాపుకు ఎనిమిది బర్లు. మా ఇంట్ల ఏది ముట్టుకున్నా పాల వాసనో, పేడ వాసనో, నానబెట్టిన దాణా వాసనో వస్తుండె. నా పుస్తకాలకు గూడ అదే వాసన. గల్లీ మూల మీద నాన్ రొట్టెల భట్టి ఉండె, పొద్దుగాల దాని పొగ మా కొట్టంలకు వచ్చేది. ఆ పొగకు దోమలు పోతయని బాపు సంబురపడుతుండె.

బాపు సైకిల్ మీద సంతోష్‌నగర్ దాక పాలు పోసి వచ్చేటోడు. ఆడ ఒక ఇంటి మీది అంతస్తుల ఒక అక్కా తమ్ముడు కిరాయికుండిరి. ఆంధ్ర దిక్కోళ్లు. అక్కకు మొగుడు పోయిండు, పిల్లల్లేరు. తమ్మునికి చూపు లేదు. ఏడేండ్లప్పుడు అమ్మవారు పోసి కండ్లు పోయినయంట. ఒక సర్కారు ఆఫీసుల టెలిఫోన్ ఆపరేటర్ నౌకరి. ఇంటికొస్తె వయొలిన్. నేను ఆయన్ను సారు అని, ఆమెను పెద్దమ్మ అని పిలుస్తుంటి.

నేను తొమ్మిదో తరగతిల ఉన్నప్పుడు ఒకనాడు పెద్దమ్మ బాపును అడిగిందంట. "మీ అమ్మాయి తెలుగు తడుముకోకుండా చదువుతుందా?"

"ఏం చదువుతదో నాకేం తెల్వదమ్మా. పుస్తకం ముంగటేసుకొని కూసుంటది" అన్నడంట బాపు.

సంగతేందంటె, సారు సంగీతం పరీక్షకు కట్టిండు. వాయించే పరీక్షకు ఆయనకు ఫికర్ లేదు. శాస్త్రం పేపరు రాయాలె. దానికి ఎవరన్న పుస్తకం చదివి వినిపియ్యాలె, పరీక్షనాడు ఆయన చెప్తుంటె రాసిపెట్టాలె. రాసే మనిషికి సంగీతం రావొద్దని రూలు. ఆ లెక్కన నాకంటె మంచి మనిషి దొరకదు. బదులుగ సారు నాకు ఇంగ్లీషు చెప్తనన్నడు. ఇంగ్లీషు అనంగనె బాపు ఒప్పుకున్నడు.

మొదటి రోజు పోయినప్పుడు పెద్దమ్మ పెసరట్టు పెట్టింది. మా ఇంట్ల జొన్నరొట్టె, పచ్చిపులుసు అలవాటైన నోటికి ఆ అల్లం ఘాటు కొత్త. చేతులు కడుక్కొని రమ్మని, సారు బీరువాలకెళ్లి పుస్తకం తీసి నా ఒళ్లె పెట్టిండు. అట్టల్లేవు. ముట్టుకుంటె అంచులు రాలుతున్నయి. కర్పూరం, ఎలుకలు కలిసినట్టు ఒక వాసన.

"మా గురువుగారు ఇచ్చారు. ఇరవై ఏళ్లుగా నా దగ్గరుంది" అన్నడు సారు. "ఇందులో మొదటి అధ్యాయమే నాకు తెలుసు."

"మిగతాది సార్?"

"చదివేవాళ్లు దొరకలేదు."

ఆ మాట బాధగ ఏం చెప్పలె. బస్సు దొరకలేదన్నట్టు చెప్పిండు.

అంచులు రాలుతున్నయని ముందుగాల పుస్తకాన్ని మా గల్లీల జిల్దులు కట్టే చాచా కాడికి తీస్కపోయిన. చాచా దుకాణం మెట్ల కింద ఒక గూడు. మైలుతుత్తం కలిపిన మైదా లయి జిగురు వాసన, దారం కండెలు, ఒక పాత రేడియో. పుస్తకాన్ని మొత్తం విప్పి కట్టలు కట్టలుగ కుట్టి, మీద ఎర్ర గుడ్డ అట్టేసి ఇచ్చిండు. చూడనీకి కొత్త పెండ్లికొడుకు లెక్కుండె.

వారం దినాలు మంచిగ నడిచింది. నాదమంటె ఏంది, శ్రుతులెన్ని, స్వరస్థానాలెన్ని. నాకు ఒక్క ముక్క అర్థం కాకపోయేది. నోటితోని చదువుకుంట మనసుల వేరే ముచ్చట్లు పెట్టుకునేదాన్ని. ఒకనాడు మోహన రాగం గురించి చదువుతున్న. ఇది ఐదు స్వరములు గల రాగము అని ఉన్నది. పేజీ తిప్పి, ఇందు ఏడు స్వరములును సంపూర్ణముగ పలుకును అని చదివిన.

సారు చెయ్యెత్తిండు. "ఆగమ్మా. మోహనకు ఏడు స్వరాలా?"

"గట్లనే ఉన్నది సార్."

"కింద పేజీ అంకె ఎంత?"

చూసిన. అంకె కాదది, ఏదో వంకర గీత. పాత మద్రాసు పుస్తకం, పేజీలకు తెలుగు అంకెలు వేసిండ్రు. అవి బడిల మాకు నేర్పలే. పెద్దమ్మ వచ్చి చూసి పకపక నవ్వింది. చాచా కట్టలన్ని అటిటు పెట్టి కుట్టిండు. ఆ సాయంత్రం ఆమె పళ్లెంల బియ్యప్పిండి పరిచి, వేలుతోని రాసి చూపిస్తూ ఒకటి నుంచి తొమ్మిది దాక నాకు తెలుగు అంకెలు నేర్పింది.

పుస్తకం పట్టుకొని చాచా కాడికి మల్ల పోయిన. "మాఫ్ కర్నా బేటీ. తెలుగు హిందసే మేరేకు నై మాలూమ్" అన్నడు. హిందసే అంటె అంకెలు, తెలుగుల అవి ఆయనకు తెల్వయంట. నేను పక్కన కూసొని ఒక్కో కట్ట వరుసగ అందిస్తుంటె ఆయన మల్ల కుట్టిండు. కుట్టుకుంట ఆ తొమ్మిది అంకెలు నా కాడ నేర్చుకున్నడు గూడ. పైసలు తీసుకోలె.

చలికాలం వచ్చేసరికి పుస్తకంల నాకు ఇష్టమైన పాఠం ఒకటి దొరికింది. డెబ్బై రెండు పెద్ద రాగాలకు నంబర్లుంటయి. ఆ నంబరు రాగం పేరు లోపల్నే దాచిపెట్టిండ్రు. ఒక్కో అక్షరానికి ఒక్కో అంకె. పేరుల మొదటి రెండక్షరాల అంకెలు తీసి తిరగేస్తె నంబరు వస్తది. రాగాలు నాకెందుకు, నేను ఊళ్ల పేర్లకు పెట్టి చూసిన. యాకుత్‌పురాకు పదకొండు వచ్చింది. పదకొండోది కోకిలప్రియ. సంతోష్‌నగర్‌కు అరవై ఏడు, సుచరిత్ర. పాలకు ముప్పై ఒకటి, యాగప్రియ. ఆఖరుకు బర్రెకు పెట్టిన. ఇరవై మూడు.

"సార్, బర్రె అంటె గౌరీమనోహరి" అన్న.

సారు నవ్వంగ నేను చూసింది తక్కువ. ఆ రోజు వయొలిన్ పక్కన పెట్టి నవ్విండు. ఇంటికిపోయి బాపుకు చెప్పిన. బాపుకు రాగం సంగతి పట్టలే గని పేరు నచ్చింది. మా పెద్ద బర్రెను ఆ రోజు నుంచి గౌరి అని పిలవబట్టిండు.

నాకు తప్పు చేస్తున్నట్టు అనిపియ్యకుండనే నేను తప్పు చేసింది గూడ ఆ రోజుల్లనే. మా ఇంట్ల టీవీ లేదు. పక్కింటోళ్లకు ఉండె. శుక్రవారం సాయంత్రం సినిమా పాటలు వచ్చేవి. గల్లీ పిల్లలందరం వాళ్ల తలుపు కాడ కూసునేటోళ్లం. ఆలస్యమైతె ముంగట జాగ దొరకకపోయేది. ఒక శుక్రవారం తాళాల పాఠం నడుస్తున్నది. పేజీ తిప్పితె ఇంకో పేజీ, అన్నీ సంస్కృతం పేర్లే. పెద్దమ్మ లోపట పోపు పెడుతున్నది, ఇంగువ వాసన. గోడ గడియారం చూసిన. కొత్త పాఠం మొదలైంది. పైన పేరు, కింద మూడు నాలుగు మాటలు చూసి, రెండాకులు కలిపి తిప్పిన. నాలుగు పేజీలు. గొంతు ఏం మారలె. తర్వాతి పాఠం చదువుకుంట పోయిన.

సారు కాసేపు వేళ్లతోని మోకాలు మీద తాళమేసిండు.

పాటలు మంచిగనే వచ్చినయి ఆ రోజు. ఏ పాటలో ఇప్పుడు యాదికి లేదు.

ఎండాకాలంల పరీక్ష. మమ్మల్ని వేరే అర్రల కూసోబెట్టిండ్రు. కాపలాకు ఒకామె, మూలకు కూసొని పేపరు చదువుకుంటున్నది. మొదలుపెట్టే ముందు సారు అన్నడు. "నేను చెప్పిందే రాయాలి. ఒక్క అక్షరం తక్కువొద్దు, ఒక్క అక్షరం ఎక్కువొద్దు."

రెండు ప్రశ్నలు ఆపకుండ చెప్పిండు. నా చెయ్యి గుంజబట్టింది. మూడోది చదివిన. "తాళ దశ ప్రాణములను వివరింపుము."

ఆ పేరు నేను చూసిన. ఒక్కసారే చూసిన.

సారు టేబుల్ మీద వేళ్లు ఆడిచ్చుకుంట కూసున్నడు. తర్వాత, "ఇది వదిలెయ్యి. తర్వాతిది చదువు" అన్నడు.

"దీనికి మార్కులు ఎక్కువున్నయి సార్."

"ఉంటాయి. మనకు రాదు. తర్వాతిది."

మిగిలినయన్ని అయినయి. ఇంకా కొద్దిగ టైమున్నది. సారు చేతులు కట్టుకొని కూసున్నడు. నేను సప్పుడు చెయ్యకుండ మూడో ప్రశ్న నంబరేసి, ఆ శుక్రవారం కంట్ల పడ్డ మాటలు రాయబట్టిన. కాలం. మార్గం. క్రియ. నాలుగోది యాదికి రాలె.

"ఏం రాస్తున్నావు?" మెల్లగ అడిగిండు.

"ఏం లేదు సార్. నంబర్లు సరిజేస్తున్న."

"నంబరుకు కలం అంతసేపు నడవదు. నేను చెప్పానా రాయమని?"

"లేదు."

"కొట్టెయ్యి."

కొట్టేసిన. కలం గీసిన సప్పుడు విని, "అది నా పేపరు అమ్మాయీ" అన్నడు. కోపం లేదు. చెప్పాల్సింది చెప్పినట్టు.

బయట బస్టాపు కాడ ఎండ మండుతున్నది. సారు బండి కాడ నిమ్మ సోడాలు చెప్పిండు, బండాయన నాకొకటి, ఆయనకొకటి చేతికిచ్చిండు. ఏదో ఒకటి చెప్పాలె గదా.

"సార్, చాచా మల్ల తప్పు కుట్టినట్టున్నడు. ఆ పాఠం పేజీలు అసలు…"

"చాచాను ఎందుకు అంటావు పాపం" అన్నడు సారు. "ఆ రోజు శుక్రవారం. రెండాకులు కలిపి తిప్పావు. ఒక్క ఆకు తిప్పితే ఒక చప్పుడు, రెండు తిప్పితే ఇంకో చప్పుడు."

సోడా సీసా బండి మీద పెట్టిన. "మరి అప్పుడే ఎందుకు అడగలే సార్?" అన్న.

ఆయన సీసా మూతిని బొటనవేలితోని తుడుచుకుంట ఉన్నడు. "నీకంటే ముందు ముగ్గురు చదివారు. ఒకడు ఇలాగే పేజీలు దాటేస్తుంటే అడిగాను. మర్నాటి నుంచి రాలేదు. నువ్వూ రాకపోతే? నాలుగు పేజీలు పోతే పోయాయి, మిగతా పుస్తకం దక్కుతుంది కదా అనుకున్నాను."

నాకు ఏడుపు రాలె. పద్నాలుగేండ్ల పిల్లకు భయపడి అంత పెద్దమనిషి నోరు మూసుకున్నడన్న ముచ్చట నాకప్పుడు సగమే అర్థమైంది. మిగతా సగం చాన ఏండ్లకు అర్థమైంది. బస్సొచ్చింది. సారు నా భుజం మీద చెయ్యేసిండు, ఎక్కినం.

వాయించే పరీక్షల ఆయనకు మస్తు మార్కులొచ్చినయి. శాస్త్రంల కొద్దిల తప్పిపోయిండు. ఆ ఏడాది చూపులేని పిల్లల బడి ఒకదాంట్ల సంగీతం సారు జాగ ఖాళీ ఉండె. సర్టిఫికెట్ ఉంటె ఆయనకే వచ్చేటట్టుండె, ఆ బడోళ్లు గూడ అడిగిపోయిండ్రు. అది వేరే ఆయనకు పోయింది. టెలిఫోన్ కాడ కూసొని లైన్లు కలిపే నౌకరి మీద సారుకు ఏ ప్రేమా లేదు. అయినా పొద్దుగాల ఎనిమిదింటికి టిఫిన్ డబ్బా పట్టుకొని మల్ల గా ఆఫీసుకే పోయిండు.

పెద్దమ్మ నన్ను ఏమనలె. పేపరు కఠినంగ వచ్చిందని సారు చెప్పిండంట. "పాపం, నువ్వు మాత్రం ఎంత కష్టపడ్డావే" అని ఆమె నాకు కందిపొడి, అన్నం కలిపి ముద్దలు పెట్టింది. తిన్న. ఏం చెయ్యాలె, ఆకలిగ గూడ ఉండె.

ఆ తర్వాత నాది పదో తరగతి. "ఇగ సారు ఇంటికి పోవుడు బంద్. నీ చదువు నువ్వు సూస్కో" అన్నడు బాపు. రెండు దినాలాగి, "బాపు, నీకు మోకాళ్ల నొప్పులంటున్నవు గదా. సంతోష్‌నగర్ దిక్కు పాలు నేను పోస్త" అన్న.

బాపు నమ్మిండు. ఆ రోజు నుంచి తెల్లారకముందే క్యాను సైకిల్‌కు తగిలిచ్చుకొని పోయేదాన్ని. మిగిలిన ఇండ్లన్ని పోసి, ఆఖరుకు సారు ఇంటికి. పెద్దమ్మ పాలు పొయ్యి మీద పెట్టేది. అవి పొంగి, కాఫీ దిగి, సారు తాగేదాంక నేను చదివేదాన్ని. ఒక రోజు రెండు పేజీలు, ఒక రోజు నాలుగు.

మొదటి దినం నేను నేరుగ ఆ నాలుగు పేజీలు తీసిన. సారు కనిపెట్టిండో ఏమో, "అక్కడి నుంచి కాదు. మొదటి నుంచి చదువు" అన్నడు. సరే అని మొదటి నుంచే చదివిన. ముందుమాట, ధర, అచ్చాఫీసు పేరు, వెనక తప్పొప్పుల పట్టిక, అన్నీ చదివిన. తాళ దశ ప్రాణాల కాడికి వచ్చినప్పుడు ఒక్కో పేరు చెప్పి ఆగిన. కాలమంటె గిది, మార్గమంటె గిది. సారు ప్రతిదానికి చేత్తోని తాళమేసి చూసుకున్నడు.

"ఇదంతా నా చేతికి తెలుసమ్మా. పేర్లే తెలీదు" అన్నడు.

అప్పుడు నాకు పుస్తకం మీద మొదటిసారి గౌరవం లాంటిది కలిగింది. మనుషులు చేత్తోని చేసేదానికి ఎవరో కూసొని పేర్లు పెట్టిండ్రు. ఆ పేర్లు తెల్వకపోతె చేసేటోని చెయ్యికి విలువ లేదు. అది న్యాయమా కాదా నాకు ఇప్పటికి తెల్వదు.

నేను ఇంటికి ఆలస్యంగ వస్తున్ననని బాపుకు అనుమానమొచ్చింది. ఒకనాడు నా వెనకాలనే వచ్చిండు. నాకు తెల్వదు. చదువుడైనంక కిందికి దిగితె మెట్ల కాడ సైకిల్ పట్టుకొని నిలబడ్డడు. "క్యాను గట్టిగ కట్టు, ఊగుతున్నది" అన్నడు. మర్నాడు నన్ను రోజుకంటె అరగంట ముందుగాల లేపిండు.

నా పరీక్షలైనయి. నెల తర్వాత సారు పరీక్ష. ఇంకెవరినన్న రాయనీకి పెట్టుకుంటడేమో అనుకున్న. నన్నే రమ్మన్నడు. ఈసారి దశ ప్రాణాలు రాలె. వేరేవి వచ్చినయి, అన్నీ చెప్పిండు, అన్నీ రాసిన. పాసైండు. ఐతె ఆ బడిల జాగ నిండిపోయింది గదా. ఇంకో జాగ వచ్చేదాక ఇంకా రెండేండ్లు లైన్లు కలుపుకుంటనే ఉన్నడు. చివరికి చాన దూరం ఊర్ల ఒక హాస్టల్ బడిల సంగీతం సారుగ తీసుకున్నరు.

వాళ్లు పోయే రోజు బాపు, నేను సామాన్లు ఎక్కియ్యనీకి పోయినం. టెంపోల బీరువా, బొగ్గుల పొయ్యి, పచ్చడి జాడీలు, పరుపుల చుట్టలు. పెద్దమ్మ నన్ను లోపటికి పిలిచి బొట్టు పెట్టి, జాకెట్ ముక్క, ఒక డబ్బానిండ సున్నుండలు చేతుల పెట్టింది. బయటికొచ్చి బాపుతోని అన్నది.

"మీ అమ్మాయి ఒక్క అక్షరం వదలకుండా చదివి పెట్టింది కనకే మా వాడు ఇవాళ ఈ ఉద్యోగానికి వెళ్తున్నాడండీ. ఆ రుణం తీర్చుకోలేము."

బాపు టవల్‌తోని మొఖం తుడుచుకున్నడు. సారు వయొలిన్ పెట్టె పట్టుకొని పక్కనే నిలబడ్డడు. మొఖం నా దిక్కు తిప్పిండు. నేను ఆడ ఉన్ననని ఆయనకు తెలుసు. నేను మాట్లాడతనేమో అని ఆగినట్టు అనిపించింది. నేను మాట్లాడలె.

"ఔనండీ. బాగా చదివింది" అన్నడు సారు.

టెంపో పోయింది. తిరిగొచ్చుకుంట బాపు ఆ మాట భట్టి కాడ ఒకసారి చెప్పిండు, చాచా దుకాణం కాడ ఒకసారి చెప్పిండు. ఆ తర్వాత నా పెండ్లిల చెప్పిండు, నాకు నౌకరి వచ్చినప్పుడు చెప్పిండు, దవాఖానల పడుకున్న ఆఖరి రోజుల్ల పక్క మంచమాయనకు గూడ చెప్పిండు. మా బిడ్డ ఒక్క అక్షరం వదలకుండ చదివిందని.

నేను ఒక్కసారి గూడ కాదనలె.